కాలవలో రంగు రాలేదు

శుభవార్త టీవీలో వచ్చినప్పుడు నేను పెరట్లో మా ఆయన చొక్కా కాలరు రుద్దుతున్నాను. నిజానికి అది ఉతకాల్సిన చొక్కా కాదు. ఆయన మిల్లు లోపల కూర్చున్న దగ్గర్నుంచీ దాన్ని ఎన్నిసార్లు ఉతికానో నాకే తెలియదు. కాలరుకి పట్టిన నీలం మరక పోదని తెలుసు. పోకూడదనే ఉంది కూడా. కొత్తగా పెళ్లయినదానికి మొగుడు ఇంట్లో లేకపోతే పొద్దు పోవడానికి ఇంతకన్నా మంచి పని దొరకదు.

"ఒసేయ్ కోడలా, ఆ చొక్కాని చంపింది చాలు, రా," అని అత్త లోపల్నుంచి కేకేసింది. "మీ ఆయన వస్తున్నాడట."

తడి చేతులతోనే పరిగెత్తాను. తెర అడుగున ఎర్ర పట్టీ మీద అక్షరాలు పోతున్నాయి. రంగుల మిల్లులో సమ్మె విరమణ. విధుల్లోకి కార్మికులు. పైన బొమ్మలో గేటు తెరుచుకుంటోంది. జనం క్యారేజీలు ఊపుకుంటూ లోపలికి నడుస్తున్నారు. వాళ్లలో ఒకడు కెమెరా వైపు తిరిగి పళ్లన్నీ కనబడేలా నవ్వాడు. ఆ నవ్వినవాడు మా ఆయన.

అత్తని వాటేసుకున్నాను. ఆవిడ భుజమంతా సబ్బు నురగ అయింది.

"వదులు పిల్లా, ముసలిదాన్ని పిండి ఆరేసేలా ఉన్నావు," అంది. వదిలాక తనే మళ్లీ నా చెయ్యి పట్టుకుంది.

ఆ సమ్మె ఎందుకొచ్చిందో మీకు ముందు చెప్పాలి. మా మిల్లులో బట్టకి రంగులు వేస్తారు. రంగు తొట్లకి వేడి నీళ్లు, ఆవిరి బాయిలరు నుంచి వస్తాయి. ఆ బాయిలరు దగ్గర పనిచేసే ఒకతను ఎప్పుడూ కూనిరాగం తీస్తూ ఉండేవాడు, అందుకే అందరూ పాటగాడనేవాళ్లు. ఒత్తిడి పెరిగితే ఆవిరిని దానంతటదే వదిలేసే మూత ఒకటి ఉంటుంది. అది బిగుసుకుపోయిందని పాటగాడు చెప్పాడు. మేస్త్రి చెప్పాడు. ఈ ఆర్డరు పోనివ్వండి, తర్వాత చూద్దామన్నాడు మేనేజరు. ఆర్డరు పోకముందే పైపు పగిలింది. ఆ మధ్యాహ్నం నేను మా ఆయనకి క్యారేజీ ఇవ్వడానికి గేటు దగ్గర నిలబడి ఉన్నాను. బట్ట తానులు లాగే బండి మీద పాటగాడిని తీసుకొచ్చారు. ఇంకా రంగు వేయని తెల్ల తాను ఒకటి విప్పి ఆయన మీద కప్పారు. ఆ బట్ట కింద నుంచి వచ్చిన చప్పుడు పాట కాదు.

ఆస్పత్రిలో రెండు రోజులున్నాడు. తర్వాత లేడు. ఆ సాయంత్రమే టీవీలో చెప్పారు, కార్మికుడు తాగి డ్యూటీకి వచ్చాడని, అతని నిర్లక్ష్యమే ప్రమాదానికి కారణమని. గొంతు పోతుందని టీ కూడా ముట్టని మనిషి గురించి ఆ మాట. మా అత్త కాలి చెప్పు తీసి టీవీ మీదకి విసిరింది. టీవీకి తగల్లేదు, బల్లకి తగిలింది. ఆ గీత ఇప్పటికీ ఉంది.

మూత సంగతి బయట చెప్పినందుకు మేస్త్రితో సహా ముగ్గురిని పనిలోంచి తీసేశామన్నారు. ముగ్గురూ బయటికి వెళ్లలేదు. వాళ్లతో పాటు షిఫ్టులో ఉన్న అందరూ తొట్లు ఆపేసి అక్కడే కూర్చున్నారు. మూత మార్చాలి, ముగ్గురిని ఉంచాలి, పాటగాడి మీద వేసిన మాట వెనక్కి తీసుకోవాలి. అంతదాకా కదలమన్నారు. చుట్టుపక్కల మిల్లులు కూడా ఒక్కొక్కటే ఆగాయి. ఊళ్లో రాళ్లు పడ్డాయి, లాఠీలు లేచాయి. ఫోన్లు మూగబోయాయి. గేటు చుట్టూ పోలీసులు నిలబడ్డారు. నలుగురికి మించి ఒకచోట నిలబడకూడదని ఆర్డరు వచ్చింది. దాంతో ఎవరింట్లో వాళ్లం తలుపులు వేసుకుని టీవీ ముందు కూర్చున్నాం. మాకు మిల్లు లోపలి సంగతి చెప్పడానికి ఇంకెవరూ మిగల్లేదు.

అందుకే ఆ రోజు వీధంతా ఒక్కసారి తలుపులు తెరిచి బయటికొచ్చింది. ఆర్డరు ఎవరికీ గుర్తులేదు. ఎర్ర పట్టీ పోయిన కాసేపటికే టీవీ వ్యాను కూడా వచ్చింది. అంత తొందరగా ఎలా వచ్చిందని ఎవరూ అనుకోలేదు. మైకు పట్టుకున్న అమ్మాయిది నా వయసే ఉంటుంది.

"ఇక్కడ కొత్తగా పెళ్లయినవాళ్లు ఎవరైనా ఉన్నారా అండీ?" అని అడిగింది. వీధి వీధంతా నా వైపు వేలు చూపించింది.

"మీకెలా అనిపిస్తోంది?"

"ఆయన వస్తున్నారు. ఇంకేం కావాలండీ."

కెమెరా పట్టుకున్నాయన ఇంకోసారి నవ్వమన్నాడు. "ఇంకోసారి నవ్వమంటే నవ్వెలా వస్తుందండీ," అంటూనే నవ్వేశాను. మీ నవ్వు తెర మీద చాలా బాగుంటుందని ఆ అమ్మాయి అంది. వెనకాల ఆడవాళ్లు చప్పట్లు కొట్టారు.

ఇంట్లోకి వచ్చి మా పెళ్లికి ఎవరో ఇచ్చిన గాజు గ్లాసుల అట్టపెట్టె విప్పాను. ఆరు గ్లాసులు, అంచున సన్నటి గీత తప్ప ఏ బొమ్మా లేదు. వాటిని ఇద్దరం కలిసి విప్పుదామని దాచాం. ఆయన రాగానే నీళ్లివ్వాలని రెండు గ్లాసులు కడిగి బోర్లించాను. ఎండ పడి గోడ మీద రెండు వెలుగు చుక్కలు ఆడాయి. వాటిని చూస్తూ ఎంతసేపు నిలబడ్డానో, అన్నం మాడిపోయింది.

సాయంత్రమైంది. వీధి చివర మలుపు వైపు చూస్తూ అందరం గుమ్మాల్లో నిలబడ్డాం. ఎవరూ రాలేదు. దీపాలు పెట్టారు. అయినా ఎవరూ రాలేదు.

అప్పుడు టీవీ చెప్పింది, ఆగిన పని పూర్తిచేయడానికి కార్మికులు స్వచ్ఛందంగా అదనపు షిఫ్టు చేస్తున్నారని. అలాగా అనుకున్నాం. కాసేపటికి ఇంకో మాట చెప్పింది. ఎక్కువమంది పనిలో చేరారు, కొద్దిమంది మాత్రం బయటివాళ్ల మాటలు విని మొండిగా కూర్చున్నారు. ఎల్లుండి ఉదయం గేటు తెరుస్తారు. ఒక్కొక్కరుగా బయటికొచ్చి తప్పు ఒప్పుకున్నవాళ్లకి పని ఉంటుంది, ఒప్పుకోనివాళ్లకి కేసులుంటాయి. మేస్త్రితో సహా సమ్మె కమిటీ నాయకులు ఇప్పటికే రాజీకొచ్చారు. ఆ తర్వాత మా మిల్లు బట్టల ప్రకటన వచ్చింది. ఆ చానల్లో ప్రతి వార్తకీ ముందో వెనకో అది వస్తూనే ఉంటుంది.

ఆ మూడు మాటలూ విన్నాక వీధిలో మనుషులు మారిపోయారు. మేస్త్రి భార్య మా పక్కింట్లోనే ఉంటుంది. జాకెట్లు కుడుతుంది, అందరం టైలరక్క అంటాం. ఆమె నీళ్ల బకెట్టుతో బయటికొస్తే గుమ్మాల్లో ఉన్నవాళ్లు లోపలికి వెళ్లిపోయారు. మా వీధిలో గంట అనే ఒకావిడ ఉంది. గొంతు విప్పితే వీధి చివరిదాకా వినబడుతుంది కాబట్టి ఆ పేరు. ఆవిడ ఒక్కతే నిలబడి, "మేస్త్రిగారికి ఇక సూపర్‌వైజరు కుర్చీ ఖాయమన్నమాట," అంది. టైలరక్క తలెత్తలేదు. గంట నా వైపు తిరిగింది. "నీకేం తల్లీ, మీ ఆయన నవ్వుకుంటూ వెళ్లి చేరాడుగా. మా ఆయనే పనికిమాలినవాడు, బొమ్మలో ఎక్కడా లేడు."

మధ్యాహ్నం చప్పట్లు కొట్టింది ఆవిడే.

తలుపు వేసుకున్నాను. మా ఇంటికీ టైలరక్క ఇంటికీ ఒకే గోడ. రోజూ పొద్దుపోయేదాకా ఆమె మిషను చప్పుడు ఆ గోడలోంచి వస్తూ ఉంటుంది. పెళ్లయిన కొత్తలో ఆ చప్పుడుకి నిద్ర పట్టేది కాదు, తర్వాత అది లేకపోతే పట్టేది కాదు. ఆ సాయంత్రం గోడ మూగగా ఉంది. కిటికీలోంచి చూస్తే ఎదురు వరసలో అన్ని ఇళ్లలో అదే వెలుగు, ఒకేసారి నీలంగా మారుతోంది, ఒకేసారి తెల్లగా మారుతోంది. అందరం ఒకే బొమ్మ చూస్తున్నాం. ఒకరి మొహం ఒకరు చూడలేకపోతున్నాం.

బొమ్మ మళ్లీ వచ్చింది. గేటు తెరుచుకుంది, ఆయన తిరిగాడు, నవ్వాడు. నేను టీవీకి దగ్గరగా జరిగి కూర్చున్నాను. మనిషి లేకపోతే మనిషి బొమ్మ అయినా చాలని ఎదురుచూశాను. మళ్లీ వచ్చింది. ఆయన మళ్లీ నవ్వాడు. ఈసారి నవ్వు పైన ఉన్నది చూశాను.

"అత్తా, మీసం," అన్నాను.

"ఎవరి మీసం?"

"మీ అబ్బాయిది. చూడండి, మీసం ఉంది."

పెళ్లికి ముందు నేను ఆయన్ని ఒక్కటే కోరాను, ఆ దుబ్బు మీసం తీసేయమని. తీసేశారు. పెళ్లయ్యాక ఒకరోజు గడ్డం గీసుకుంటూ పైన కొంచెం వదిలేస్తే నేనే బ్లేడు పట్టుకుని వెంటపడ్డాను.

అత్త కళ్లజోడు తుడుచుకుని చూసింది. "ఇన్నాళ్లు లోపల కూర్చుంటే మీసం పెరగదా? అక్కడేమన్నా మంగలి దుకాణం పెట్టారా?"

"పెరిగితే గడ్డం కూడా పెరగాలి కదా. చెంపలు చూడండి ఎంత నున్నగా ఉన్నాయో. పైగా అది పెరిగిన మీసం కాదత్తా, దువ్విన మీసం. ఆ టీవీలో ఉన్నవాడు నా మొగుడు కాదు. పెళ్లికాని కుర్రాడు."

అత్త నవ్వబోయి ఆగిపోయింది. ఇద్దరం ఆ బొమ్మ కోసం మళ్లీ కాచుకున్నాం. మళ్లీ వచ్చేసరికి ఆవిడ లేచి టీవీ కట్టేసింది. "పాతది చూపించారంటావా? లోపలే కూర్చున్నవాళ్లు మళ్లీ గేటులోంచి లోపలికెలా నడుస్తారు," అంది చీకట్లో. "పాటగాడి గురించి చెప్పినప్పుడు చెప్పు విసిరాను. ఇవాళ నా కొడుకొస్తున్నాడంటే ఆ నోటి మాటే నమ్మాను చూడు."

పొద్దున్నే కాలవ దగ్గరికి వెళ్లాను.

కాలవ సంగతి కూడా చెప్పాలి. అది మిల్లు గోడ కిందనుంచి బయటికొచ్చి మా ఇళ్ల వెనకగా పోతుంది. లోపల ఏ తొట్టి తెరిస్తే ఆ రంగు కాలవలోకి వస్తుంది. ఒకరోజు ఎర్రగా, ఒకరోజు ఆకుపచ్చగా. ఆ నీళ్లు పంటకి పనికిరావు, ఒంటికి పనికిరావు, అందులో పురుగు కూడా బతకదు. మా మామగారి ఊపిరితిత్తుల్ని తిన్నది ఆ రంగులేనని అత్త దానివైపు చూడనే చూడదు. నాకు మాత్రం పెళ్లయిన మొదటి వారంలో అది ఉత్తరాల డబ్బా అయింది. "రేపు భోజనాల వేళకి కాలవ చూడవోయ్," అనేవారాయన. "నీకు ఊదారంగు పంపిస్తా." నేను వెళ్లి గట్టు మీద నిలబడేదాన్ని. కాసేపటికి నీళ్లలో ముందు ఒక తీగలాగా, తర్వాత ఒక చీర విప్పినట్టుగా ఊదారంగు వచ్చేది. లోపల ఆయన చేతులు అదే రంగులో ఉంటాయని తలుచుకుంటే ఒళ్లు ఝల్లుమనేది. గట్టు మీద బోరింగు దగ్గర బట్టలుతుక్కునే ఆడవాళ్లు నన్ను చూసి, "పోస్టు వచ్చిందా పెళ్లికూతురా?" అని ఆటపట్టించేవాళ్లు. ఆయన లోపల కూర్చున్న తర్వాత నేను మళ్లీ ఆ గట్టెక్కలేదు. రాని ఉత్తరం కోసం రోజూ వెళ్లి నిలబడటం నా వల్ల కాలేదు. ఆర్డరు వచ్చాక మిగతావాళ్లు కూడా ఇళ్లలోనే ఉతుక్కున్నారు.

ఆ పొద్దున వెళ్లి చూస్తే కాలవ తేటగా ఉంది.

అడుగున గులకరాళ్లు కనబడుతున్నాయి. గట్టుకి గడ్డి మొలిచింది. వేలంత చేప ఒకటి రాయి పక్కనుంచి తోక ఊపుకుంటూ వెళ్లింది. ఆ కాలవకి ఒక అడుగుందని నాకు అప్పుడే తెలిసింది. చేపని చూసి పిచ్చిదానిలా సంబరపడి దాని వెనకాలే నాలుగడుగులు నడిచాను. ఆ తర్వాత ఆగిపోయాను.

నిన్న మధ్యాహ్నం తొట్లు తెరిచుంటే ఈ నీళ్లకి రంగుండాలి. అదనపు షిఫ్టు నడిచి ఉంటే ఈ చేప బతికి ఉండకూడదు.

టైలరక్క తలుపు కొట్టాను. ఆమె తలుపు ఓరగా తీసి చూసింది. కళ్లు ఉబ్బి ఉన్నాయి. "ఎందుకొచ్చావమ్మా, నిన్ను కూడా వెలేస్తారు," అంది.

"నన్నెప్పుడో వెలేశారక్కా. కాలవకి రా."

వచ్చింది. నీళ్ల వైపు వేలు చూపించాను. నీళ్లలోకి చూసి, గట్టు మీద అలాగే కూర్చుండిపోయింది. చెయ్యి ముంచి తీసి, అరచెయ్యి తిప్పి చూసుకుంది. "ఒక్క తొట్టి కూడా తెరవలేదు," అంది నెమ్మదిగా. "ఒక్కడూ పని ముట్టుకోలేదు." అప్పటిదాకా ఆమె కూడా మేస్త్రి గురించి టీవీ చెప్పింది నమ్మిందని ఆ గొంతు వింటే తెలిసింది. సొంత పెళ్లామే నమ్మింది.

మేం గట్టెక్కడం చూసి గంట కూడా బట్టల మూటతో వచ్చి ఆగింది. "ఏమిటి, సూపర్‌వైజర్ల భార్యల మీటింగా?"

"నీళ్లు చూడు వదినా," అన్నాను.

చూసింది. చూసి కూడా ఒప్పుకోలేదు. ఆవిడ గొంతుకి ఒక్కొక్కరే తలుపులు తీసుకుని వచ్చారు. బిందెలతో కొందరు, ఊరికే కొందరు. వీధి మొగలో కాపలా ఉన్న కానిస్టేబులు లేచి నిలబడ్డాడు. అప్పటికి మా అత్త వచ్చింది. "నలుగురికి మించకూడదని కదా ఆర్డరు. నలుగురు నలుగురు కూర్చోండే. మధ్యలో బకెట్టు పెట్టుకోండి. ఆ అబ్బాయి వచ్చి లెక్కపెట్టుకుంటే పెట్టుకోనీ, చదువుకున్నవాడే కదా."

అలా కూర్చున్నాం. గట్టు పొడుగునా నలుగురేసి, మధ్యలో ఒక బకెట్టు ఎడం. తలా ఒక గుడ్డ చేతిలో. కానిస్టేబులు కొంత దూరం వచ్చి, వేళ్లు ముడిచి లెక్కపెట్టి, మళ్లీ వెళ్లి నీడలో కూర్చున్నాడు. మీటింగు మొదలైంది. ఒక గుంపులో అన్న మాట పక్క గుంపు అందుకుని ఆ పక్కకి చెబుతోంది. మీసం సంగతి నా దగ్గర బయల్దేరి చివరికి చేరేసరికి అటునుంచి నవ్వు తిరిగొచ్చింది. ఎన్నాళ్లకో విన్న నవ్వు.

గంట ఇంకా పట్టు వదల్లేదు. "తొట్టి పాడైందేమో. కడుగుతున్నారేమో. టీవీవాడు అంతమందిని చూపించాడు, అంతా అబద్ధమేనా?"

"తొట్టి కడిగితే ఇంకా చిక్కటి రంగొస్తుంది, నీకు తెలీదా? నువ్వూ ఇక్కడే పుట్టావుగా," అంది టైలరక్క.

"తెలుసు."

"మరి?"

గంట చేతిలో గుడ్డ పిండుతూ కూర్చుంది. పిండుతూనే మాట్లాడింది, వీధి చివరికి కాదు కదా పక్క గుంపుకి కూడా వినబడనంత చిన్నగా. "నిన్న ఆ బొమ్మలో మావాడి కోసం వెతికాను. ప్రతిసారీ వెతికాను. అందరూ వెళ్లి చేరారు, వీడొక్కడే మొండికేశాడని నోటికొచ్చినట్టు తిట్టాను. పిల్లల ముందు తిట్టాను. అక్కడ వాడు తిండి లేకుండా కూర్చుంటే."

ఆ మాట మాత్రం ఎవరూ పక్క గుంపుకి చెప్పలేదు. అయినా అందరికీ చేరింది. ఒక్కొక్కరి మొహం చూస్తే తెలుస్తోంది, ఇలాంటి మాట ఒకటి ప్రతి ఇంట్లోనూ నిన్న రాత్రి పుట్టిందని.

అప్పుడే నాకు క్యాంటీను గుర్తొచ్చింది. మిల్లు క్యాంటీన్లో గోడకి పెద్ద టీవీ ఉందని ఆయన చెబుతుండేవారు. ఫోన్లు మాకే కాదు, వాళ్లకీ మూగబోయాయి. లోపల వాళ్లకి మా సంగతి చెప్పేది కూడా ఆ టీవీయే.

"అక్కా," అన్నాను. "మనకి వాళ్లని చూపించింది. వాళ్లకి మనల్ని చూపించదా?"

చప్పట్లు కొట్టిన చేతులన్నీ ఒళ్లో పడి ఉన్నాయి. ఆయన క్యాంటీను నేల మీద కూర్చుని తలెత్తి నా నవ్వు చూస్తుంటారు. సమ్మె అయిపోయిందట, ఇంకేం కావాలండీ అని నేను నవ్వుతుంటాను. చుట్టూ ఉన్నవాళ్లు ఆయన వైపు చూస్తుంటారు. నిన్న గంట నా వైపు చూసినట్టే.

"మనం విసిగిపోయామనుకుంటారు," అంది గంట.

"రేపు గేటు తెరిస్తే ఒక్కొక్కరే వచ్చేస్తారు. పక్కవాడు ఎలాగూ లొంగిపోతాడనుకుంటూ, తలదించుకుని వస్తారు," అంది టైలరక్క. "మూత అలాగే ఉంటుంది. పాటగాడు తాగుబోతుగానే మిగిలిపోతాడు."

వ్యాను చప్పుడు వినబడింది. ఆడవాళ్లు బట్టలు ఉతకడం మొదలుపెట్టారు. మైకు అమ్మాయి చెప్పులు చేత్తో పట్టుకుని గట్టు దిగి వచ్చింది.

"మీ కోసమే వెతుకుతున్నాం," అంది నాతో. "నిన్న మీరు నవ్వుతూ మాట్లాడిన బైట్ చాలా బాగా వెళ్లింది. రేపు గేటు తెరిచేటప్పుడు లైవ్ చేస్తున్నాం. కుటుంబాలు వచ్చి వాళ్లవాళ్లకి స్వాగతం చెబుతున్నట్టు. మీరు ముందు వరసలో ఉండాలి."

"నలుగురికి మించి నిలబడకూడదటగా అండీ."

"పర్మిషన్ మేమే తీసుకున్నాం. ఎంతమందైనా రావచ్చు. ఎక్కువమంది ఉంటే ఫ్రేము నిండుగా ఉంటుంది."

నేను టైలరక్క వైపు చూశాను. ఆమె సబ్బు రుద్దుతోంది, చెవులు మాత్రం ఇటే ఉన్నాయి.

"మైకు ఇస్తారా?"

"ఇస్తాం. ఏం చెప్పాలో రాసిస్తాం, కంగారు పడకండి."

"ఎండలో వస్తారు కదండీ వాళ్లు. గ్లాసుతో నీళ్లు పట్టుకుని నిలబడొచ్చా?"

ఆ అమ్మాయి మొహం వెలిగింది. "అద్భుతం. అందరూ పట్టుకోండి. విజువల్ అదిరిపోతుంది." వెళ్లబోతూ కాలవలోకి వంగి చూసింది. "ఎంత బాగున్నాయండీ ఇక్కడ నీళ్లు. అడుగు కనబడుతోంది."

"అవునండీ," అన్నాను. "ఈమధ్యే బాగున్నాయి."

వ్యాను వెళ్లిపోయింది. ఒక్కసారి అందరూ మాట్లాడారు. మైకు ఇవ్వగానే నిజం అరిచి చెప్పమని ఒకరు, అరవడానికి నేనున్నానుగా అని గంట. టైలరక్క తల అడ్డంగా ఊపింది. "మొదటి మాట సగంలో ఉండగానే గొంతు నొక్కేస్తారు. గ్లాసునేం చేస్తారు? అది నోరు తెరవదు. అది చూపించడానికే వాళ్లు వస్తున్నారు."

"ఇవి కాలవ నీళ్లని, మనం టీవీని నమ్మట్లేదని లోపల వాళ్లకి అర్థమవుతుందా?" అని ఎవరో అడిగారు.

"అర్థం కాకపోవడానికి వాళ్లేం కొత్తవాళ్లా?" అంది అత్త. "పుట్టి బుద్ధెరిగాక మన చేతుల్లో ఈ కాలవ నీళ్లు తేటగా చూసినవాడు ఒక్కడున్నాడా? తాగే నీళ్లయితే స్టీలు చెంబుతో తెస్తాం. గాజు గ్లాసులో పోసి ఎండకెత్తి చూపిస్తే ఇక దేనికి చూపిస్తున్నామనుకుంటాడు? రంగు చూడ్డానికి. రోజూ వాళ్లు చేసేది అదే కదా, గ్లాసులో పట్టి వెలుతురుకెత్తి చూడ్డం."

అది నిజం. ఆయన ఇంట్లో మంచినీళ్లు తాగేటప్పుడు కూడా గ్లాసు దీపానికెత్తి ఒక కన్ను మూసి చూసేవారు. నేను నవ్వితే, అలవాటోయ్ అనేవారు.

"చూపించాక?" అంది గంట. "ఇంటికొచ్చేద్దామా?"

"ఎందుకొస్తాం? పర్మిషన్ ఉందిగా," అన్నాను. "అక్కడే కూర్చుందాం. వాళ్లందరూ కలిసి తలెత్తుకుని వస్తే సరే. లేదా లోపల వాళ్లు లోపల, బయట మనం."

"పట్టుకుపోతారు," అన్నారెవరో.

"నలుగుర్ని పట్టుకోవడం తేలిక," అంది టైలరక్క. "అందుకేగా నలుగుర్నే నిలబడమన్నారు."

చీకటి పడేముందు వీధిలో టీవీలు ఒక్కొక్కటే ఆగిపోయాయి. ఎవరూ ఆపమని చెప్పలేదు. ఎదురు వరసలో నీలం వెలుగు లేకపోయేసరికి ఇళ్లు చిన్నవిగా, దగ్గరగా కనబడ్డాయి. మా గదిలో మంచం రెండో సగం అలాగే ఖాళీగా ఉంది. ఆయన చొక్కా తీగ మీద ఆరింది. దాన్ని మడత పెట్టకుండా దిండు మీద పరిచాను, నీలం కాలరు నా వైపు ఉండేలా. గోడలోంచి మిషను చప్పుడు మొదలైంది. మా వాళ్లు బయటికొచ్చేదాకా ఎండకి అడ్డంగా కట్టుకోవడానికి టైలరక్క పాత చీరలన్నీ కలిపి కుడుతోంది.

నేను అట్టపెట్టెలోని మిగతా నాలుగు గ్లాసులూ తీసి కడిగాను. ఒకటి అత్తకి, ఒకటి టైలరక్కకి, ఒకటి గంటకి, ఒకటి పాటగాడి భార్యకి. ముందే కడిగిన రెండూ నావి, ఒకటి ఎత్తడానికి, ఒకటి ఆయన వచ్చాక ఇవ్వడానికి. చెంగుకి చేతులు తుడుచుకుని గుమ్మం దిగాను. గంట అప్పటికే వీధి మొదట్లో నిలబడి ఉంది. ఆవిడ గొంతు చాలు, కానీ ప్రతి తలుపు దగ్గరా ఆగి మొహం చూసి చెప్పాలని ఇద్దరం అనుకున్నాం. మొదటి తలుపు కొట్టాం.

"రేపు పొద్దున ఎండెక్కకముందే కాలవ దగ్గరికి రండి. అక్కడే నింపుకుని వెళదాం. కెమెరా మన మీదకి వచ్చేదాకా బాగా నవ్వాలి, రాగానే గ్లాసు ఎత్తాలి, ఎత్తాక కూర్చోవాలి, కూర్చున్నాక లేవకూడదు. గాజు గ్లాసు తెచ్చుకోండి. స్టీలుది తేవద్దు, లోపల ఏముందో కనబడదు."